పరిహారం గడువును నమ్మి మూడు రూపాయల వడ్డీకి వెళ్లకండి

మంగళగిరి దగ్గరి ఒక రైతు రాసిన ఉత్తరం ఇది. తండ్రి నుంచి వచ్చిన ఎకరం 20 సెంట్లు, అందులో చెల్లెలికీ వాటా ఉంది. రోడ్డు కోసం 2013 భూసేకరణ చట్టం కింద తీసుకుంటున్నారు, డిక్లరేషన్ (ఈ భూమి తీసుకుంటున్నామనే ప్రభుత్వ ప్రకటన) వచ్చి 4 నెలలైంది. "12 నెలల్లో అవార్డు (పరిహారం ఎంతో తేల్చే కలెక్టరు ఉత్తర్వు), ఆ తర్వాత 3 నెలల్లో డబ్బు ఇవ్వాలని చట్టంలోనే ఉందని మా బావగారు చెప్పారు. ఆ ధైర్యంతో నూటికి మూడు రూపాయల వడ్డీకి 8 లక్షలు తెచ్చి గొల్లపూడిలో ఫ్లాటుకు అడ్వాన్సు ఇచ్చాను. అదే మనిషి ఇంకో 12 లక్షలు ఇస్తానంటున్నాడు. తీసుకోవచ్చా?" అని అడిగారు. ఇంటి ఖర్చు నెలకు 25 వేలు, అమ్మాయి ఇంజినీరింగ్ రెండో ఏడు, బ్యాంకులో ఉన్నది 40 వేలు.

వద్దండీ. ఆ 12 లక్షలు తేవద్దు. గుంటూరు, విజయవాడ చుట్టుపక్కల నుంచి ఇదే ప్రశ్న నాకు రకరకాలుగా వస్తోంది కాబట్టి కాస్త గట్టిగానే చెబుతాను.

మీ బావగారు చెప్పిన గడువులు నిజమే. 25వ సెక్షన్ ప్రకారం డిక్లరేషన్ వెలువడిన 12 నెలల్లో అవార్డు ఇవ్వాలి. 38వ సెక్షన్ ప్రకారం అవార్డు తేదీ నుంచి 3 నెలల్లో పరిహారం చెల్లించాలి, ఆ తర్వాతే భూమి స్వాధీనం చేసుకోవాలి. కానీ ఆ 12 నెలలు దాటితే ఏమవుతుందో ఆయన చెప్పినట్టు లేదు. దాటితే మీకు డబ్బు రాదు, మొత్తం సేకరణే రద్దవుతుంది. భూమి మీకే మిగులుతుంది, అప్పూ మీకే మిగులుతుంది. కావాలనుకుంటే ప్రభుత్వం మళ్లీ మొదటి నోటిఫికేషన్ నుంచి మొదలుపెట్టాలి. తగిన కారణం ఉంటే గడువు పొడిగించే అధికారం కూడా ప్రభుత్వానికి ఉంది. అంటే ఆ గడువు ప్రభుత్వం చేతులు కట్టడానికి పెట్టింది. మీ ప్రోనోటు మీద రాసుకునే తేదీ అది కాదు.

పోనీ డబ్బు ఆలస్యమైతే భూమి అమ్మి తీరుద్దామంటే, అదీ కుదరదు. ప్రాథమిక నోటిఫికేషన్ వెలువడిన రోజు నుంచి ప్రక్రియ ముగిసేదాకా ఆ భూమిని కలెక్టరు అనుమతి లేకుండా అమ్మకూడదు, తాకట్టు పెట్టకూడదు. అప్పిచ్చే మనిషికీ ఇది తెలుసు. అందుకే భూమిని కాకుండా మీ సంతకాన్ని అడుగుతున్నాడు.

చెల్లెలి వాటా గురించి ఉత్తరంలో ఒక్క మాటే రాశారు. నాకు అన్నిటికంటే ఎక్కువ టెన్షన్ అక్కడే. వాటాల మీద తగాదా ఉంటే అవార్డు సకాలంలో వచ్చినా డబ్బు మీ ఖాతాలో పడదు, ఇలాంటి తగాదాలు తేల్చే భూసేకరణ అథారిటీ దగ్గర జమ చేస్తారు. మీరిద్దరూ తేల్చుకునేదాకా అది అక్కడే ఉంటుంది. వడ్డీ మాత్రం ఆగదు. చెల్లెమ్మతో ఇప్పుడే కూర్చుని వాటాలు కాగితం మీద పెట్టుకోండి.

ఇక లెక్క. మార్కెట్ విలువ మీద చట్టం ఇచ్చే అదనపు మొత్తం ఏడాదికి 12 శాతం, అంటే రూపాయి వడ్డీ. స్వాధీనం చేసుకున్నాక కూడా డబ్బు ఇవ్వకపోతే మొదటి ఏడాది 9 శాతం, ఆ తర్వాత 15 శాతం. మన లెక్కలో ముప్పావలా, రూపాయి పావలా. మీరు కట్టేది మూడు రూపాయలు. 8 లక్షలకు ఇప్పటికే నెలకు 24 వేలు, అంటే దాదాపు మీ ఇంటి ఖర్చంత. 20 లక్షలైతే నెలకు 60 వేలు. అన్నీ సవ్యంగా జరిగి, అవార్డుకు మిగిలిన 8 నెలలు, ఆపైన 3 నెలలు, మొత్తం 11 నెలల్లో డబ్బు వచ్చినా 6 లక్షల 60 వేలు వడ్డీకే పోతాయి. ఇలాంటి అప్పును ఏ పరిహారమూ మోయలేదు.

ఉన్న 8 లక్షల సంగతి చూడండి. బిల్డరుతో మాట్లాడి, కొంత కోత పడినా సరే, అడ్వాన్సు వెనక్కి తెచ్చుకుని అప్పు తీర్చేయండి. రాకపోతే ఇంట్లో బంగారం మీద బ్యాంకు అప్పు తీసుకుని మూడు రూపాయల అప్పు మూసేయండి. పరిహారం మీద పన్ను తప్పించుకోవడానికి ఫ్లాటు కొనమని ఎవరైనా చెప్పి ఉంటే, ఆ తొందర అక్కర్లేదు. ఈ చట్టం కింద ఇచ్చే అవార్డుకు 96వ సెక్షన్ ప్రకారం ఆదాయపు పన్ను లేదు.

నన్ను అసలు భయపెట్టింది ఆ 40 వేలు. భూమి వెళ్లిన రోజున పంట డబ్బూ ఆగిపోతుంది. ఇంట్లో ఎవరికైనా జ్వరం ముదిరినా, అమ్మాయి ఫీజు తేదీ వచ్చినా మీరు మళ్లీ వెళ్లేది ఆ మూడు రూపాయల గుమ్మానికే. అత్యవసర నిధి జీతగాళ్లకు 6 నెలలది చాలనుకున్నా, మీకు ఏడాదిది కావాలి. ఇంటి ఖర్చుకు 3 లక్షలు, అమ్మాయి ఫీజు దానికి వేరుగా. భూమి మీ చేతిలో ఉన్నన్నాళ్లూ సాగు ఆపకండి. పంట అమ్మిన ప్రతిసారీ కొంత విడిగా ఒక ఖాతాలో వేయండి. ఆ ఖాతా ఏటీఎం కార్డు ఇంట్లో ఆవిడ దగ్గర ఉంచండి.

పరిహారం వచ్చాక ముందు అప్పు, తర్వాత ఈ నిధి, ఆ తర్వాత కుటుంబానికి ఆరోగ్య బీమా. అప్పటిదాకా ఫ్లాటు మాట ఎత్తకండి. మిగిలిన డబ్బంతా ఒకే బ్యాంకులో పెట్టకండి, ఒక బ్యాంకులో ఒకరికి డిపాజిట్ బీమా 5 లక్షల వరకే. మ్యూచువల్ ఫండ్ల సంగతి ఏడాది తర్వాత మాట్లాడుకుందాం.

మీరు డైరీలో రాసుకోవాల్సిన గడువు ఒకటుంది. అవార్డు తక్కువనిపిస్తే, అవార్డు ఇచ్చిన రోజు మీరు హాజరై ఉంటే ఆ తేదీ నుంచి 6 వారాల్లోగా, విషయాన్ని అథారిటీకి పంపమని కలెక్టరుకు రాతపూర్వకంగా దరఖాస్తు ఇవ్వాలి. డబ్బు తీసుకునేటప్పుడు "అభ్యంతరంతో తీసుకుంటున్నాను" అని రాసి సంతకం పెట్టండి. అలా రాయకుండా తీసుకుంటే ఎక్కువ అడిగే హక్కు పోతుంది. అప్పులవాడు గుమ్మంలో నిలబడి ఉంటే ఆ వాక్యం రాసే ఓపిక కూడా ఉండదు, అందుకే అతని లెక్క ఈ నెలలోనే తేల్చేయండి.