కనబడిన గ్రేడియెంట్ దగ్గరే ఆగిపోకు

చిట్టితల్లికి,

పెదనాన్న ఆశీస్సులు. సోమవారం నుంచి నిన్ను గుండె స్కానింగ్ తీసే ఎకో గదిలో వేస్తున్నారని మీ నాన్న ఫోన్ చేసి చెప్పాడు. మిగతా కేసులకంటే అయోర్టిక్ స్టెనోసిస్ (గుండె నుంచి పెద్ద ధమని అయోర్టాలోకి తెరుచుకునే వాల్వ్ ఇరుకవడం) అంటేనే నీకు టెన్షన్‌గా ఉందని కూడా అన్నాడు. ఆ టెన్షన్ ఉండాల్సిందే తల్లీ. నువ్వు రాసే ఒక్క అంకెను బట్టి ఒకరికి ఆపరేషన్ జరుగుతుంది, లేదా ఆగిపోతుంది. ఫోన్‌లో చెబితే సగం మర్చిపోతావని తీరిగ్గా కూర్చుని రాస్తున్నాను.

స్కానింగ్ ప్రోబ్ పట్టుకునే ముందు పేషెంటును పట్టుకో. మెడ దగ్గర నాడి మీద వేళ్లు పెట్టు. దెబ్బ చురుగ్గా తగలకుండా మెల్లగా పైకి లేస్తోందా? స్టెతస్కోపుతో విను. మర్మర్ (ఇరుకు వాల్వ్‌లోంచి రక్తం పోయే చప్పుడు) ఎంత గట్టిగా ఉందన్నది అంత ముఖ్యం కాదు, వాల్వ్ మూసుకునేటప్పటి రెండో శబ్దం వినిపిస్తోందా లేదా చూడు. అది దాదాపు వినిపించకుండా పోయిందంటే వాల్వ్ రాయిలా బిగుసుకుపోయి ఉండొచ్చు. ముసలివాళ్లలో రక్తనాళాలు గట్టిపడి ఉంటాయి కాబట్టి నాడి మామూలుగా అనిపించి మోసం చేస్తుంది, అదీ గుర్తుంచుకో. మెట్లెక్కితే ఆయాసం వస్తోందా, ఛాతీ పట్టేస్తోందా, కళ్లు తిరిగి పడ్డారా అని నువ్వే అడుగు. ఆ తర్వాత బీపీ చూసి రిపోర్టులో రాయి. బీపీ 190 ఉన్నప్పుడు తీసిన గ్రేడియెంట్ (వాల్వ్‌కు అటూ ఇటూ ఉండే ప్రెషర్ తేడా) అసలుకంటే తక్కువ చూపించవచ్చు. అలాంటప్పుడు బీపీ తగ్గాక మళ్లీ తీయాలి. ఇదంతా అయ్యేసరికి ఈ వాల్వ్ ఎలా ఉండాలో నీకొక అంచనా వస్తుంది. తర్వాత మెషిన్ చెప్పేది ఆ అంచనాతో కుదరకపోతే, తేడా ఎక్కడుందో వెతకాల్సింది నువ్వే.

ఇక లెక్క. రక్తం గరిష్ఠ వేగాన్ని వర్గం చేసి నాలుగుతో గుణిస్తే పాదరసం మిల్లీమీటర్లలో గరిష్ఠ ప్రెషర్ తేడా వస్తుంది. సెకనుకు 4 మీటర్లుంటే 64, 5 మీటర్లుంటే 100. వేగం 4 దాటినా, మీన్ గ్రేడియెంట్ (రక్తం పోయినంతసేపటి సగటు తేడా) 40 దాటినా సివియర్ అంటాం. వాల్వ్ వైశాల్యం 1 చదరపు సెంటీమీటరు, అంతకంటే తక్కువ ఉన్నా అంతే. ఇవి నీకు కంఠతా వచ్చు. వర్గం చేయడంలో ఉన్న ప్రమాదం మాత్రం చేతికి అనుభవమైతే గానీ తెలియదు. నీ ప్రోబ్ రక్తధారకు 30 డిగ్రీలు పక్కకు ఉందనుకో. అసలు వేగం 5 అయితే నీకు 4.3 కనబడుతుంది. గ్రేడియెంట్ 100 ఉండాల్సింది 75 అయిపోతుంది. పక్కకు జరిగితే అంకె తగ్గుతుందే తప్ప ఎన్నడూ పెరగదు. అందుకే ఈ జబ్బులో మనం వెతికేది అతి పెద్ద అంకెను. మెషిన్‌లో యాంగిల్ కరెక్షన్ బటన్ ఉంటుంది, దాని జోలికి పోకు. రక్తం ఏ దిక్కుకు ఎగజిమ్ముతోందో బొమ్మలో మనకు తెలియదు, తెలియని కోణాన్ని ఊహించి సరిదిద్దకూడదు.

ఇక్కడ నా తప్పు ఒకటి చెప్పాలి. నేను కొత్తగా ఎకోలు చేస్తున్న రోజుల్లో చీరాల వైపు నుంచి ఒక నేత పనివాడు వచ్చాడు. అరవై దాటిన మనిషి. మగ్గం గుంటలోంచి లేచి వస్తే ఆయాసం అన్నాడు. గుండె కొన దగ్గర ప్రోబ్ పెట్టి చూస్తే వేగం 3.4 వచ్చింది, అంటే గరిష్ఠ తేడా 46. బయట ఇంకా ఇరవై మంది కూర్చుని ఉన్నారు. మోడరేట్ అని రాసి పంపించేశాను. ఆరు నెలల తర్వాత బస్టాండులో పడిపోతే మళ్లీ తీసుకొచ్చారు. ఈసారి మా సీనియర్ ఆయన్ని కుడిపక్కకు తిప్పి పడుకోబెట్టి, కుడిచెయ్యి తలపైకి పెట్టించి, రొమ్ము ఎముకకు కుడివైపు పక్కటెముకల సందులో పెన్సిల్ ప్రోబ్ ఆనించారు. మొదట గరగరమని చప్పుడు. ప్రోబును ఒక్క వెంట్రుకవాసి వంచారో లేదో, ఆ గరగర పోయి సన్నని ఈల మొదలైంది. తెరమీద గీత 4.6కి లేచింది. 46 అనుకున్నది 85 అయింది. ఆ ఆరు నెలల్లో వాల్వ్ అంత మారిపోలేదు, నేనే చూడాల్సిన చోట చూడలేదు. ఆయనకు ఆపరేషన్ జరిగింది, బతికాడు. ఆ ఈల మాత్రం ఈనాటికీ నా చెవిలో ఉంది.

కాబట్టి గుండె కొన దగ్గర ఒకసారి చూసి సరిపెట్టుకోకు. అక్కడ, ఆ తర్వాత కుడి పక్కటెముకల సందులో, ఆ తర్వాత గొంతు కింద గుంటలో, వీలైతే పొట్ట పైభాగంలోనూ చూడు. పెన్సిల్ ప్రోబులో బొమ్మ రాదు కాబట్టి కొత్తవాళ్లు దాన్ని డ్రాయర్లోనే ఉంచేస్తారు. నువ్వు బయటికి తియ్యి. చెవితో వెతకడం అలవాటు చేసుకో, మంచి సిగ్నల్ కంటికంటే ముందు చెవికే అందుతుంది. ఏ చోట ఎక్కువ వచ్చిందో రిపోర్టులో రాయి. మళ్లీ ఏడాది చూసేవాళ్లు అక్కడే చూస్తారు, లేకపోతే వాల్వ్ చెడిందో చూసే చోటు మారిందో ఎవరికీ తెలియదు. ఆడవాళ్లను పక్కకు తిప్పేటప్పుడు ఏం చేయబోతున్నావో ముందే చెప్పి, ఒంటిమీద దుప్పటి సరిగ్గా కప్పు. సిగ్గుతో బిగుసుకుపోయిన మనిషికి ఏ సిగ్నలూ సరిగ్గా రాదు.

సిగ్నల్ అంచు వెంట గీత గీసేటప్పుడు గెయిన్ (సిగ్నల్‌ను పెంచి చూపే మీట) తగ్గించు. చిక్కగా తెల్లగా ఉన్న అంచు మీదే గియ్యాలి, దాని చివర పొగలా వేలాడేదాన్ని కలుపుకోకూడదు. మూడు బీట్ల సగటు తియ్యి. ఏట్రియల్ ఫిబ్రిలేషన్ (గుండె లయ తప్పి కొట్టుకోవడం) ఉంటే వరసగా కనీసం ఐదు కావాలి. ఎక్టోపిక్ (వేళకు ముందే వచ్చే బీట్) తర్వాత వచ్చే బీట్ పెద్ద అంకె చూపి ఊరిస్తుంది, దాన్ని వదిలెయ్యి. ఇంకొకటి, మన దగ్గర రుమాటిక్ (కీళ్ల జ్వరంతో వాల్వులు చెడిన) కేసుల్లో మైట్రల్ (గుండె ఎడమ గదుల మధ్య వాల్వ్) లీకు కూడా కలిసి ఉంటుంది. గుండె కొన నుంచి చూస్తే రెండు ధారలూ ఒకే దిక్కుకు పోతాయి. మైట్రల్ ధార ముందే మొదలై ఆలస్యంగా ముగుస్తుంది, వేగమూ ఎక్కువే ఉంటుంది. ఆ 5.5ను పట్టుకుని అయోర్టిక్ వాల్వ్ అని రాస్తే అవసరం లేని కోత పడుతుంది.

వైశాల్యం లెక్కలో అసలు ఇబ్బంది ఎల్వీఓటీ (వాల్వ్‌కు సరిగ్గా కింద రక్తం బయటికి పోయే దారి) కొలతతో. వ్యాసం 2 సెంటీమీటర్లు, కింద వీటీఐ (ఒక్క బీటులో రక్తం ముందుకు పోయే దూరం, సెంటీమీటర్లలో) 20, వాల్వ్ దగ్గర 80 అనుకో. ఎల్వీఓటీ వైశాల్యాన్ని 20తో గుణించి 80తో భాగిస్తే వాల్వ్ వైశాల్యం 0.78 వస్తుంది. నీ చెయ్యి 2 మిల్లీమీటర్లు తప్పి 1.8 అని కొలిస్తే 0.64, 2.2 అని కొలిస్తే 0.95. అదే మనిషి, అదే వాల్వ్. అందుకే జూమ్ చేసి, సిస్టోల్ (గుండె ముడుచుకునే దశ) మధ్యలో ఆపి, రెండు మూడు సార్లు కొలువు. పాత రిపోర్టుంటే అప్పటి వ్యాసంతో సరిపోయిందో లేదో చూడు, పెద్దవాళ్లలో అది మారదు. కొలత మీద నమ్మకం కుదరనప్పుడు రెండు వీటీఐల నిష్పత్తి చూడు. అందులో వ్యాసంతో పనే లేదు. 0.25 కంటే తక్కువైతే సివియరే.

ఇప్పుడు అన్నిటికంటే ముఖ్యమైనది. గ్రేడియెంట్ వాల్వ్ ఒక్కదానిదే కాదు, దాంట్లోంచి పోయే రక్తానిది కూడా. మన ఊరి కాలువ తూము గుర్తుందా? కాలువ నిండా నీళ్లున్నప్పుడు తూము సగం మూస్తే నీళ్లు ఎగజిమ్మేవి. వేసవిలో అడుగంటినప్పుడు అదే తూము, అంతే మూసినా నెమ్మదిగా కారేవి. అలసిపోయిన గుండె అడుగంటిన కాలువ లాంటిది. ఈఎఫ్ (గుండె ఎడమ గదిలోని రక్తంలో ఒక్కో బీటుకు బయటికి పోయే శాతం) 30 ఉన్న మనిషికి మీన్ గ్రేడియెంట్ 25 వస్తే "మోడరేటే కదా" అనకు. వైశాల్యం 1 కంటే తక్కువ ఉందా, ఒక్కో బీటుకు పోయే రక్తం ఒంటి వైశాల్యంలో చదరపు మీటరుకు 35 మిల్లీలీటర్ల కంటే తక్కువ ఉందా చూడు. ఉంటే సీనియర్‌కి చెప్పి డోబుటమిన్ (గుండెను గట్టిగా కొట్టించే మందు) ఎకో చేయించండి. మందుతో రక్తం పెరిగినప్పుడు గ్రేడియెంట్ 40 దాటి, వైశాల్యం అలాగే చిన్నగా ఉంటే వాల్వే దోషి. వైశాల్యం పెరిగితే దోషం కండరానిది. ఈఎఫ్ బాగున్నా రక్తం తక్కువ పోయేవాళ్లు ఉంటారు. ఎక్కువగా ఏళ్ల తరబడి బీపీ ఉన్న పెద్ద వయసు ఆడవాళ్లు, చిన్న బిగుసుకుపోయిన గుండె. అక్కడ సీటీలో క్యాల్షియం స్కోరు (వాల్వ్‌లో పేరుకున్న సున్నం లెక్క) సాయపడుతుంది. ఆడవాళ్లలో 1200, మగవాళ్లలో 2000 దాటితే సివియర్ అయ్యే అవకాశం ఎక్కువ. దీనికి ఉల్టా కూడా ఉంది. హిమోగ్లోబిన్ 6 ఉన్న అమ్మాయికి, అయోర్టిక్ లీకు బాగా ఉన్నవాళ్లకి రక్తం ఉరవడి వల్లే అంకె పెద్దదవుతుంది.

గుండెలోకి క్యాథెటర్ అనే సన్నని గొట్టం పంపి ప్రెషర్ కొలిచే క్యాథ్ ల్యాబ్ వాళ్లతో నీకు ఎప్పుడో ఒకప్పుడు వాదన వస్తుంది. "నువ్వు 80 అన్నావు, మాకు 60 వచ్చింది" అంటారు. ఇద్దరిదీ నిజమే కావచ్చు. నీది ఒకే క్షణంలో ఉన్న గరిష్ఠ తేడా, వాళ్లది గుండెలోని శిఖరానికీ అయోర్టాలోని శిఖరానికీ తేడా. ఆ రెండు శిఖరాలూ ఒకే క్షణంలో రావు. మీన్‌ను మీన్‌తో పోల్చండి. అప్పటికీ కుదరకపోతే వాళ్లు అయోర్టా ప్రెషర్‌కి బదులు తొడ దగ్గరి షీత్ (క్యాథెటర్‌ను లోపలికి పంపే గొట్టం) ప్రెషర్ వాడారేమో అడుగు. అయోర్టా సన్నగా ఉన్నవాళ్లలో వాల్వ్ దాటాక ప్రెషర్ కొంత తిరిగి వస్తుంది, అందుకని నీ అంకె ఎక్కువ చూపించవచ్చన్నదీ మర్చిపోకు. 1951లో వాల్వ్ వైశాల్యం లెక్కగట్టే గోర్లిన్‌ల ఫార్ములా వచ్చినప్పటి నుంచి చాలా ఏళ్లు ఈ కొలతలన్నీ క్యాథెటర్‌తోనే. నార్వేలో ట్రాండ్‌హైమ్‌లో పనిచేసిన లివ్ హాట్లే అనే డాక్టరమ్మ, తోటివాళ్లతో కలిసి 1980లో రక్తం వేగాన్ని కొలిచే అల్ట్రాసౌండ్ అయిన డాప్లర్‌తో బయటినుంచే అయోర్టిక్ గ్రేడియెంట్ కొలవవచ్చని చూపించారు. ఆమె చూపిన దారిలోనే నువ్వు రేపు ఆ ప్రోబ్ పట్టుకుంటున్నావు.

రిపోర్టులో ఉత్త "సివియర్ ఏఎస్" (అయోర్టిక్ స్టెనోసిస్) అని రాసి ఊరుకోకు. వేగం, మీన్, వైశాల్యం, నిష్పత్తి, ఈఎఫ్, బీటుకు పోయే రక్తం, బీపీ, ఏ చోట దొరికిందో అన్నీ రాయి. అంకెలు ఒకదానితో ఒకటి కుదరకపోతే కుదరలేదనే రాయి. అది నీ చేతకానితనం కాదు, తర్వాత చూసే డాక్టరుకు నువ్వు చేసే పెద్ద సాయం.

మొదటి నెలలో కుడి సందులో సిగ్నల్ దొరక్క ఏడుపొస్తుంది. నాకు చేయి కుదరడానికి నెలలు పట్టింది. దసరాకి వచ్చేటప్పుడు నీకు అర్థంకాని ట్రేసింగులు పేషెంట్ల పేర్లు తీసేసి నాలుగైదు పట్టుకురా. పెద్దమ్మ అరిసెలు చేస్తానంటోంది. డాబా మీద కూర్చుని ఒక్కొక్కటీ చూద్దాం.

నీ
పెదనాన్న