పేపర్ ష్రెడర్ రెండు నిమిషాలకే ఆగిపోతోంది, బాగు చేయించాలా కొత్తది కొనాలా?

"మా జిరాక్స్ షాపులో కాగితాలు ముక్కలు చేసే ష్రెడర్ కొని ఏడాది కాలేదు. రెండు నిమిషాలు నడిచి ఆగిపోతోంది, రివర్స్ నొక్కినా కదలదు. కొత్తది కొనేయమంటున్నారు" అని అడిగారు. అప్పుడే కొనకండి. ముందు ప్లగ్ తీసేసి ఒక గంట దాని జోలికి వెళ్లకండి. ఆగిపోయిన ష్రెడర్లలో చాలావాటికి జబ్బేమీ ఉండదు, అలసటే ఉంటుంది.

విజయనగరంలో కోట జంక్షన్ దగ్గర మాది చిన్న ట్యాక్స్ ఆఫీసు. మొదటి ష్రెడర్‌ని చేతులారా పాడుచేసుకున్నాను. రెండోది ఆరేళ్లుగా నడుస్తోంది. కాబట్టి ఈ విషయంలో నా మాట నమ్మవచ్చు.

ఇళ్లకీ చిన్న షాపులకీ అమ్మే మెషిన్లు రోజంతా తిరగడానికి చేసినవి కావు. మోడల్‌ని బట్టి రెండు నుంచి ఐదు నిమిషాలు నడవాలి, తర్వాత 20 నుంచి 40 నిమిషాలు చల్లారాలి. వేడి మించితే లోపలున్న స్విచ్ మోటారు కాలిపోకుండా తానే ఆపేస్తుంది. కొనేటప్పుడు "ఒకేసారి పది షీట్లు లాగేస్తుంది మేడమ్" అంటారు తప్ప ఈ నిమిషాల లెక్క ఏ షాపువాడూ చెప్పడు. ఆ పది షీట్లు కూడా మామూలు జిరాక్స్ పేపర్ లెక్క. స్టాంపు పేపరు, లెడ్జర్ అట్ట లాంటి మందపాటివి పెడితే ఆ లెక్క కుదరదు. మడత పెట్టిన కాగితం రెండుగా లెక్క. నేను పది అన్నచోట ఆరే పెడతాను.

మొదటి మెషిన్ సంగతి చెప్తాను. జూలై 31 గడువు దాటి, రిటర్నుల హడావిడి అయ్యాక, ఆగస్టులో పాత ఫైళ్లు దించాం. బయట ముసురు. మా దగ్గర పనిచేసే కుర్రాడు సాయంత్రం నాలుగు నుంచి, అది ఆగి మళ్లీ కదిలిన ప్రతిసారీ, కాగితాలు పెడుతూనే ఉన్నాడు. ఏడు దాటాక రబ్బరు కాలిన వాసన వచ్చింది. మెషిన్ మూలిగింది, ఆగింది. మర్నాడు స్విచ్ వేస్తే గుర్రుమంటుంది, బ్లేడు తిరగదు. కస్టమర్ కేర్‌కి ఫోన్ చేస్తే వారంటీ అయిపోయిందన్నారు, అంతే. చివరికి కంటోన్మెంట్ వైపు మోటార్లు వైండింగ్ చేసే ఒక పెద్దాయన దగ్గరికి పట్టుకెళ్లాను.

ఆయన నాలుగు స్క్రూలు తీసి, తలభాగాన్ని పేపర్ మీద బోర్లించి, "ఏటమ్మా ఇది, దీన్ని ఊపిరి తీసుకోనిచ్చినారా?" అన్నారు. బ్లేడ్ల మధ్య బూడిదరంగు ముద్ద, ఎండిన బురదలా గట్టిగా పట్టేసి ఉంది. చీపురుపుల్లతో గీకుతుంటే పెళ్లలు పెళ్లలుగా రాలింది. "తడి కాయితాలు పెట్టినారా?" అని అడిగారు. చెమ్మ పట్టిన ఫైళ్లే, నిజం. ఆ ముద్దలోంచి కొరియర్ కవర్ల స్టిక్కర్ జిగురు సాగుతూ వచ్చింది, ఒక జెమ్ క్లిప్పు వంకర తిరిగి బయటపడింది. స్టేపుల్ పిన్నులైతే చాలా మెషిన్లు నమిలేస్తాయి, జెమ్ క్లిప్పులు అలా కాదు. ఆ తర్వాత బ్లేడ్లని తిప్పే తెల్లటి ప్లాస్టిక్ పళ్ల చక్రం ఒకటి తీసి నా అరచేతిలో పెట్టారు. మూడు పళ్లు చెక్కేసినట్టు పోయాయి. "మోటారు బాగానే ఉంది తల్లీ, పళ్లు పోయినాయి" అన్నారు.

ఆ చక్రం ఎక్కడా దొరకలేదు. అరచేతిలో పట్టే ప్లాస్టిక్ ముక్క కోసం మెషిన్ మొత్తం పారేయాల్సి వచ్చింది. స్పేర్ పార్టులు దొరకని వస్తువులు అమ్మడం అన్యాయం అని నేను ఇప్పటికీ అంటాను.

కాబట్టి మీరు చూడాల్సింది ఒకటే. స్విచ్ వేస్తే మోటారు తిరిగిన శబ్దం వచ్చి బ్లేడు కదలకపోతే చాలావరకు చక్రం పళ్లు పోయినట్టే, ఆ చక్రం దొరికితేనే బాగుచేయించండి. అసలు చప్పుడే లేకపోతే వేడి, లేదా బుట్ట సరిగా కూర్చోలేదు, లేదా కాగితం పెట్టేచోట ఉన్న సెన్సర్ మీద దుమ్ము. ప్లగ్ తీసి ఇయర్ బడ్‌తో తుడవండి, ఐదు నిమిషాల పని. దీనికి వెయ్యి రూపాయలు అడిగేవాళ్లు ఉన్నారు, ఇవ్వకండి.

ఇక నూనె. బుట్ట ఖాళీ చేసిన ప్రతిసారీ ఒక కాగితం మీద ష్రెడర్ నూనె అటూ ఇటూ గీతలా పోసి లోపలికి పంపి, కాసేపు రివర్స్‌లో తిప్పండి. సన్నటి ముక్కలు చేసే క్రాస్ కట్ మెషిన్‌కి ఇది తప్పనిసరి, పొడి ఎక్కువ. తుప్పుకి కొట్టే స్ప్రేలు మాత్రం వద్దు. వాటిలో మండే గ్యాసు ఉంటుంది, మోటారు నిప్పురవ్వకి అంటుకోగలదు.

ఇంత కష్టం ఎందుకు, పాత కాగితాలు తూకానికి వేసేయొచ్చు కదా అని మా ఆఫీసులో కూడా అన్నారు. ఒకప్పుడు నేనూ వేశాను. ఒక సాయంత్రం మా ఆయన మూడు లాంతర్ల దగ్గర మిరపకాయ బజ్జీలు తెచ్చారు. నూనె పీల్చిన ఆ కాగితం విప్పితే మా క్లయింటు ఒకావిడ పాన్ కార్డు కాపీ, కింద ఆవిడ సంతకం, ఫోన్ నంబరు. నా దగ్గర నుంచి వెళ్లిన కాగితమే. ఆ రాత్రి అన్నం సహించలేదు. పొద్దున్నే ష్రెడర్ కొన్నాను. మీది జిరాక్స్ షాపు, చెడిపోయిన ఆధార్ కాపీలు రోజూ మీ బుట్టలో ఎన్ని పడతాయో మీకే తెలుసు. చివరి నాలుగు అంకెలే కనిపించే మాస్క్‌డ్ ఆధార్ ఉండగా ప్రతివాళ్లూ పూర్తి కాపీ ఎందుకు అడుగుతారో నాకు అర్థం కాదు. మీ షాపుకి వచ్చేవాళ్లకి ఆ మాట మీరే చెప్పండి.

గంట ఆగాక స్విచ్ వేసి చూసి, గుర్రుమంటోందా, నిశ్శబ్దంగా ఉందా, ఎర్ర లైటు వెలుగుతోందా, ఈ మూడూ కింద రాయండి. మోడల్ కూడా రాస్తే చక్రం దొరుకుతుందో లేదో ఆ పెద్దాయన్ని అడిగి చెప్తాను.