ఆస్టా నీల్సన్ డెన్మార్క్ నటి అయినా ఆమె చిత్రాల్లో అత్యధికం జర్మనీవే ఎందుకు?

ఆస్టా నీల్సన్ కోపెన్‌హాగన్‌లో జన్మించిన డెన్మార్క్ నటే అయినా, 1910లో వచ్చిన తొలి చిత్రం ‘అఫ్‌గ్రుండెన్’ ఘనవిజయంతో జర్మన్ నిర్మాతలు ఆమెను ఆహ్వానించడం వల్ల, ఆమె చిత్రాల్లో అత్యధికం జర్మనీలోనే తయారయ్యాయి. అప్పటి చిత్రాలు మూకీలే; వాటిలో సంభాషణలు తెరపై అక్షరాలుగా మాత్రమే కనిపించేవి కనుక, వాటిని భాష మార్చి ఏ దేశంలోనైనా ప్రదర్శించగలిగేవారు. పైగా ఆమె నటన అతిశయం లేక, చూపులతోనే భావం పలికించేది. సొంత సంస్థ నిర్మించిన ‘హామ్లెట్’ (1921)లో ఆమె పురుషుడిగా పెరిగిన యువరాణిగా, అంటే షేక్‌స్పియర్ నాటకంతో ప్రసిద్ధమైన సాక్షాత్తూ హామ్లెట్ పాత్రలోనే, నటించారు. గొంతు సరిపోకపోవడం వల్లే టాకీలు ఆమెను తెరమరుగు చేశాయనుకోవడం పొరపాటు: ఆమె రంగస్థలం నుంచి వచ్చిన నటి, 1932లో ఒక టాకీలోనూ నటించారు.