చూసింది ఇంటి మనిషే, చంపడానికి కారణం తేలలేదు: కేసు నిలుస్తుందా?

మీరు రాసిన దాన్నిబట్టి, మీ పెదనాన్నను సొంత తమ్ముడే కొట్టి చంపాడు. కళ్ళారా చూసింది మీ పెద్దమ్మ ఒక్కరే. భార్య సాక్ష్యం చెల్లదనీ, ఎందుకు చంపాడో రుజువు కాకపోతే కేసు కొట్టేస్తారనీ ఊళ్ళో వాళ్ళు మిమ్మల్ని భయపెడుతున్నారు. ఆ రెండు మాటలూ తప్పు. నేను పబ్లిక్ ప్రాసిక్యూటర్ (పీపీ, అంటే ప్రభుత్వం తరఫున కేసు వాదించే లాయరు) దగ్గర జూనియర్‌గా చేరిన రోజుల నుంచీ సెషన్స్ కోర్టుల్లోనే ఉన్నాను. ఇలాంటి కేసులు చాలా చూశాను.

దగ్గరి బంధువు అసలు హంతకుణ్ణి వదిలేసి, ఏ పాపం తెలియనివాణ్ణి ఇరికించడం మామూలుగా జరగదని సుప్రీంకోర్టు 1953లోనే దలీప్ సింగ్ కేసులో చెప్పింది. అలాగని ఇంటివాళ్ళు చెప్పిందల్లా నమ్మేయరు. పాత కక్షలుంటే ఇంకా జాగ్రత్తగా చూస్తారు. సాక్షి ఒక్కరే అయినా సరిపోతుందని 1957 నాటి వడివేలు తేవర్ కేసు చెబుతోంది. పాత సాక్ష్య చట్టంలో 134, కొత్త భారతీయ సాక్ష్య అధినియంలో 139 సెక్షన్ల సారం కూడా అదే. అసలు ఇంటి వాకిట్లో జరిగిన హత్యకు ఇంటివాళ్ళు కాక ఇంకెవరు సాక్షులుంటారు?

ఇక కారణం సంగతి. కళ్ళతో చూసిన సాక్షి నమ్మకంగా నిలబడితే, కారణం రుజువు కాకపోయినా శిక్ష వేయొచ్చు. చూసినవాళ్ళెవరూ లేక, కేసంతా పరిస్థితుల సాక్ష్యం మీదే నడిచినప్పుడు మాత్రం కారణం తేలకపోవడం ముద్దాయికి కలిసొస్తుంది. పైగా పొలం గట్టు తగాదా ఉందని మీరు గట్టిగా చెబితే, ‘ఆ తగాదాతోనే అబద్ధపు కేసు పెట్టారు’ అని డిఫెన్స్ అదే మాట పట్టుకుంటుంది.

నాకు అసలు భయం, మీవాళ్ళు కారణం కోసం వెతుక్కుంటూ లేని మాటలు కలుపుతారేమోనని. అన్నదమ్ముల పొలం గొడవలో జరిగిన ఒక హత్య కేసులో చనిపోయినాయన కొడుకు బోనెక్కి, ‘వారం ముందే బాబాయి చంపుతానని బెదిరించాడు’ అన్నాడు. పోలీసుల ముందు ఇచ్చిన స్టేట్‌మెంట్‌లో ఆ మాట లేదు. ‘ఇది పోలీసులకు చెప్పావా?’ అంటే చెప్పానన్నాడు. తర్వాత దర్యాప్తు అధికారి వచ్చి చెప్పలేదన్నాడు. దాంతో ఆ అబ్బాయి సాక్ష్యాన్ని జడ్జి మొత్తం పక్కన పెట్టేశారు.

కేసును నిలబెట్టింది వాళ్ళమ్మ. ‘నీ భర్తను కొడుతుంటే చూస్తూ నిలబడ్డావా?’ అని డిఫెన్స్ లాయరు గద్దించాడు. ‘బిందె పడేసి పరిగెత్తానయ్యా. నేను చేరేలోపే రెండో దెబ్బ పడింది’ అందావిడ. పోస్ట్‌మార్టం రిపోర్టులో తలమీద గాయాలు రెండే. ఎందుకు కొట్టాడని అడిగితే తనకు తెలియదంది. ఆ ‘తెలియదు’ అన్న మాట వల్లే ఆవిడ మీద నమ్మకం పెరిగిందని నా అభిప్రాయం. శిక్ష పడింది. తీర్పులో కారణం రుజువు కాలేదని కూడా రాశారు.

మీ పెద్దమ్మగారిని అడిగేవీ ఇలాంటివే. ఎక్కడ నిలబడ్డారు, ఎంత దూరం, బల్బు వెలుగుతోందా, ముందు ఎవరికి చెప్పారు? చీకటిపడ్డాక జరిగితే హత్య జరిగిన చోటు చూపిస్తూ సీఐ గీసిన రఫ్ స్కెచ్‌లో ఆ లైటు చూపించారో లేదో ఇప్పుడే చూడండి. ఎఫ్‌ఐఆర్ ఆలస్యమైతే ఎందుకైందో ఉన్నదున్నట్టు చెప్పమనండి. ఆస్పత్రికి మోసుకెళ్ళడంలో ఆలస్యమైతే అదేం తప్పు కాదు. ఆవిడకు జవాబులు బట్టీ పట్టించకండి. గుర్తులేనిది గుర్తులేదని చెప్పనివ్వండి.

విచారణ మొదలయ్యేలోపు పీపీ గారిని కలవండి. కోర్టు అనుమతిస్తే ఆయనకు సహాయంగా మీ తరఫున ఒక ప్లీడరును కూడా పెట్టుకోవచ్చు. పెద్దమనుషులు రాజీ అంటూ వస్తే, హత్య కేసులో రాజీకి చట్టం ఒప్పుకోదని చెప్పి పంపేయండి. పెద్దమ్మగారికి బెదిరింపులు వస్తే సాక్షుల రక్షణ పథకం కింద దరఖాస్తు పెట్టండి. దాన్ని చూసే జిల్లా కమిటీకి జిల్లా జడ్జిగారే అధ్యక్షులు.