నల్లరేగడి నేలలో పేవర్ బ్లాకులు ఎందుకు కుంగుతాయి?

మహారాష్ట్రలోని నాందేడ్ జిల్లా దెగ్లూరులో పెరట్లో సిమెంటు పేవర్ బ్లాకులు పరిపిస్తే రెండు వానకాలాలకే ఎగుడుదిగుడు అయ్యాయని, బ్లాకులు నాసిరకమా అని అడిగారు. చాలావరకు తప్పు బ్లాకులది కాదు, కింది మట్టిది. దెగ్లూరు, బిలోలి, ధర్మాబాద్ వైపు విస్తారంగా ఉన్న నల్లరేగడి నీరు తాగితే ఉబ్బుతుంది, ఎండలకు నెర్రెలిస్తుంది. దానిపై ఇసుక చల్లి నేరుగా బ్లాకులు పేరిస్తే అవీ మట్టితో పాటే లేచి దిగుతాయి.

అందుచేత ఉన్నవాటిని తీయించి, సుమారు 40 సెంటీమీటర్ల లోతు నల్లమట్టిని తవ్వి పారవేయించి, 20 సెంటీమీటర్ల మొరం (గులకరాళ్లు కలిసిన గట్టి మట్టి), దానిపై 10 సెంటీమీటర్ల కంకర పోయించండి. మొరాన్ని ఒక్కసారిగా గుమ్మరించకుండా 10 సెంటీమీటర్ల పొరలుగా పోసి, కాస్త తడిపి, కంపాక్టర్‌తో (మట్టిని అదిమే యంత్రంతో) దిమ్మిస చేయించాలి. మేస్త్రీలు తొందరపడేది సరిగ్గా ఇక్కడే, కాబట్టి ఆ రోజు దగ్గరే నిలబడండి. ఆపైన 3 సెంటీమీటర్ల ఇసుక, 6 సెంటీమీటర్ల మందం బ్లాకులు సరిపోతాయి. పాత బ్లాకులు పగలకపోతే అవే వాడుకోవచ్చు.

ఇంటి గోడ నుంచి బయటికి ప్రతి మీటరుకు 2 సెంటీమీటర్ల వాలు ఉండాలి, ఎందుకంటే నీరు నిలిస్తే కింద ఎంత మొరం పోసినా రేగడి మళ్లీ ఉబ్బుతుంది. చుట్టూ కాంక్రీటు అంచు కట్టించకపోతే బ్లాకులు పక్కకు జరుగుతాయి. సందులలో సిమెంటు పూయనివ్వకండి. సన్నని పొడి ఇసుకను ఊడ్చి నింపితే చాలు.