బేత్లెహేము చేను, మన చేను: ఒక యువ రచయిత్రికి లేఖ

చిరంజీవి అమ్మాయికి,

శుభాశీస్సులు. బైబిలులోని రూతు గ్రంథం మీద నీవు రాసి పంపిన వ్యాసం రెండుసార్లు చదివాను. అత్త నయోమి వెంట బేత్లెహేముకు వచ్చిన పొరుగు మోయాబు దేశపు విధవరాలు రూతు, ఆమె పరిగె ఏరుకున్న చేని యజమాని, చివరికి ఆమెను పెళ్లాడిన బంధువు బోయజు, వీళ్ల కథే కదా అది. మొదటిసారి హాయిగా సాగిపోయింది. రెండోసారి పెన్సిలు పట్టుకుని చదువుతుంటే ఆ హాయి మీదే నాకు అనుమానం కలిగింది. నీ వ్యాసంలో రూతు గోదావరి గట్టున పుట్టిన పిల్లలాగా, బోయజు మన ఊరి మంచి ఆసామిలాగా కనిపిస్తున్నారు. ఇందులో తప్పంతా నీది కాదు. మన తెలుగు బైబిలు అనువాదకులు పరిగె, పనలు, కళ్లము, తూర్పారబట్టుట, పేలాలు, తూమెడు, కొంగు అని మన రైతు ఇంటి మాటలతోనే ఆ కథ చెప్పారు. తెలియని మాట ఎదురైతే ఎవరైనా ఆగి నిఘంటువు తిరగేస్తారు గాని, పరిగె అన్న మాట దగ్గర తెలుగువాడు ఎందుకు ఆగుతాడు? నీవూ ఆగలేదు.

ఆ మాటతోనే మొదలుపెడతాను. కోత అయ్యాక చేలో రాలిన వెన్నులు ఏరుకోవడానికి పేదవాళ్లు వస్తే మన రైతు చూసీ చూడనట్టు ఊరుకుంటాడు; అది ఊరి ఆనవాయితీ, అతని మంచితనం. నీవు ఈ కొలతే బోయజుకు పెట్టి, "దయగల భూస్వామి పరిగె ఏరుకోనిచ్చాడు" అని రాశావు. కాని ఇశ్రాయేలీయుల ధర్మశాస్త్ర గ్రంథాల్లో లేవీయకాండము 19వ అధ్యాయం, ద్వితీయోపదేశకాండము 24వ అధ్యాయం తెరిచి చూడు. చేను అంచులను పూర్తిగా కోయకూడదనీ, రాలినది తిరిగి ఏరకూడదనీ, మరచిపోయిన పన కోసం వెనక్కి వెళ్లకూడదనీ, అవి బీదలకూ పరదేశికీ తండ్రిలేని వారికీ విధవరాలికీ చెందాలనీ అక్కడ ఆజ్ఞ ఉంది. చేను అంచున ఉన్న పంట అసలు బోయజు ఇవ్వడానికి అతనిది కాదు. రూతు పరదేశి, విధవరాలు, బీదరాలు కనుక ఆమెకు ఆ హక్కు ఒకటికి మూడు విధాల ఉంది.

మరి అతని మంచితనం ఏమయిందని అడుగుతావు. ఎక్కడికీ పోలేదు; నీవు వెతికిన చోట లేదు, అంతే. పనల మధ్య కూడా ఏరుకోనివ్వమనీ, ఆమెను ఏమీ అనవద్దనీ, కావాలనే పిడికెళ్ల కొద్దీ జారవిడవమనీ బోయజు పనివాళ్లకు చెబుతాడు. ఆజ్ఞ అడిగినది అంచులూ రాలినదీ మరచిపోయిన పనా మాత్రమే, పనల మధ్య చోటు అది అడగలేదు. చట్టం గీత ఎక్కడుందో తెలిసిన పాఠకుడికే అతడు ఆ గీత దాటిన క్షణం కనిపిస్తుంది. సాయంత్రం ఆమె దుళ్లకొట్టిన గింజలు, హీబ్రూవాళ్ల కొలతలో, దాదాపు ఒక ఏఫా. తెలుగు బైబిలు దాన్ని మన కొలతలోకి మార్చి తూమెడు అన్నది. ఏఫా సుమారు 22 లీటర్లనే లెక్క తీసుకుంటే, అది 13 కిలోలకు పైగా యవలు, అంటే బార్లీ. పరిగె ఏరిన అనుభవం ఉన్న ఏ ముసలమ్మనైనా అడుగు, ఒక్క రోజులో అంత దొరుకుతుందా అని. నయోమి ఆ మూట చూడగానే "ఎక్కడ ఏరుకున్నావు" అని ఎందుకు అడిగిందో నీ వ్యాసంలో ఒక్క ముక్క లేదు.

పేలాల సంగతి రెండు మాటల్లో చెప్పి ముందుకు వెళతాను. మనకు పేలాలనగానే తొలి ఏకాదశి, పేలపిండి గుర్తొస్తాయి. కోతగాళ్ల మధ్య కూర్చోబెట్టి బోయజు రూతుకు అందించినవి కొత్త పంట గింజలను మంట మీద వేయించినవి. అలాగే నీవు వర్ణించిన "నీళ్లు పారే పచ్చని పొలాలు" కొట్టివేయి. బేత్లెహేముకు ఏరూ లేదు, కాలువా లేదు. అది కొండ మీది మెట్ట. తొలకరి, కడవరి వానలు పడితేనే అక్కడ తిండి. ఆ ఊరి పేరుకు "రొట్టె ఇల్లు" అని అర్థం, కథ ఆ రొట్టె ఇంట్లో కరవుతోనే మొదలవుతుంది. మాగాణి కళ్లతో చూస్తే ఆ కరవు బరువు తెలియదు.

సందర్భం అనే మాటను గాలిలోంచి పట్టుకోకుండా వస్తువుల్లోంచి పట్టుకోవడం అలవాటు చేసుకో. ప్రాచీన పట్టణమైన గెజెరులో 1908లో దొరికిన చిన్న సున్నపురాయి పలక మీద ఏడాది పొడవునా చేసే వ్యవసాయపు పనులు నెలల వారీగా చెక్కి ఉన్నాయి. అందులో యవల కోతకు విడిగా ఒక నెల ఉంది. ఇప్పుడది ఇస్తాంబుల్ మ్యూజియంలో ఉంది. నాకు అంతకన్నా ప్రియమైనది 1960లో యవ్నె-యాము దగ్గరి తీరపు కోటలో దొరికిన కుండపెంకు. క్రీ.పూ. 7వ శతాబ్దం చివరినాటి ఒక కోత కూలీ తన మొర దాని మీద సిరాతో రాయించుకున్నాడు. తన వంతు కోత కోసి, కొలిచి, గాదెలో పోశానని చెబుతాడు. అయినా హోషయాహు అనేవాడు తన పైవస్త్రం లాక్కున్నాడని అధికారికి విన్నవించుకుంటాడు. ఎండలో తనతో కోసినవాళ్లందరూ సాక్ష్యమిస్తారంటాడు. కుదువబెట్టిన వస్త్రాన్ని పొద్దు గుంకేలోగా తిరిగి ఇవ్వమనే నిర్గమకాండము 22లోని ఆజ్ఞ పక్కన ఆ పెంకును పెట్టి చదువు. అప్పుడు రూతును ముట్టవద్దని బోయజు తన పనివాళ్లకు ఎందుకు ప్రత్యేకంగా చెప్పవలసి వచ్చిందో తెలుస్తుంది. కోతచేను పేదవాళ్లకు భద్రమైన చోటు కాదు.

ఇక కొంగు. ఈ తప్పు నేనూ చేశాను కనుక నిన్ను కోప్పడే అర్హత నాకు లేదు. ముప్పై ఏళ్ల కిందట ఒక పత్రికలో, కళ్లంలో రాత్రివేళ రూతు బోయజుతో అన్న "నీ కొంగు కప్పుము" అనే మాటను పట్టుకుని, మన పెళ్లిళ్లలోని కొంగుముడి దాకా పేజీన్నర సాగదీశాను. ఒక రిటైర్డు పంతులుగారు కార్డు ముక్క రాశారు: "అయ్యా, బోయజుకు పైట ఎక్కడిది?" నవ్వుకున్నాను, ఆ తరువాత సిగ్గుపడ్డాను. తెలుగులో కొంగు అంటే ఏ బట్ట అంచైనా అవుతుంది గనుక అనువాదకుల తప్పు లేదు. దాన్ని చీర దగ్గరికి ఈడ్చుకెళ్లినవాణ్ణి నేనే. హీబ్రూలో ఆ మాట కానాఫ్. అది పక్షి రెక్క, బట్ట అంచు కూడా. రెండో అధ్యాయంలో బోయజు రూతును దీవిస్తూ, యెహోవా రెక్కల కింద ఆశ్రయం కోరి వచ్చావు అన్నప్పుడు వాడినదీ ఆ మాటే. అంటే రూతు అతని దీవెనను అతనికే తిప్పి అప్పగిస్తున్నది: దేవుని రెక్క అన్నావు కదా, ఆ రెక్క నీవు పరచు అని. తెలుగులో ఒకచోట రెక్కలు, మరొకచోట కొంగు అని రాయక తప్పలేదు, ఆ రెండింటి మధ్య దారం తెగిపోయింది. స్త్రీ మీద బట్ట అంచు కప్పడం పెళ్లికి గుర్తని యెహెజ్కేలు 16వ అధ్యాయం చూస్తే రూఢి అవుతుంది. పైగా, చేయవలసినది బోయజే చెబుతాడని నయోమి చెప్పి పంపింది. అక్కడ చెప్పినది మాత్రం రూతు. నీ వ్యాసంలో ఆమె "తలవంచుకున్న అణకువ గల కోడలు"గా ఉంది. ఆ వాక్యం మళ్లీ ఆలోచించు.

"ధర్మశాస్త్రం ప్రకారం బోయజు ఆమెను పెళ్లాడాడు" అన్న వాక్యం కూడా నిలవదు. చనిపోయిన అన్న భార్యను పెళ్లాడవలసినది కలిసి నివసించే సహోదరుడని ద్వితీయోపదేశకాండము 25 చెబుతుంది. అమ్ముకున్న భూమిని సమీప బంధువు విడిపించాలని లేవీయకాండము 25 చెబుతుంది. బోయజు సహోదరుడు కాడు. భూమి విడిపించేవాడు పెళ్లి చేసుకోవాలని రెండో చోట లేదు. ఈ రెండింటినీ కలిపి ముడివేసినది ఆ కథలోని మనుషులు.

ఆ ముడి పడిన పురద్వారాన్ని నీవు రచ్చబండతో పోల్చావు. పోలిక బాగానే ఉంది, అయితే సగమే. దాను, గెజెరు వంటి చోట్ల తవ్వకాల్లో బయటపడిన గుమ్మాల్లో రాతి అరుగులు ఉన్నాయి; పదిమంది పెద్దలు కూర్చున్నారంటే అది రిజిస్ట్రారు ఆఫీసు, కోర్టు కూడా. భూమి విడిపించే హక్కు తనకన్నా ముందున్న దగ్గరి బంధువును అక్కడ బోయజు పిలిచిన పిలుపు హీబ్రూలో "పెలోనీ అల్మోనీ", అంటే ఫలానావాడా అని. మనం రోజూ వాడే ఫలానా అరబ్బీ నుంచి ఉర్దూ మీదుగా మన నోటికి వచ్చిన మాట, అరబ్బీలోని ఆ మాటకు హీబ్రూ పెలోనీ చుట్టమే. తన స్వాస్థ్యం చెడిపోతుందని వెనక్కి తగ్గినవాడికి కథకుడు పేరు కూడా ఉంచలేదు.

అదే చోట ఇంకొకటి చూడు. ఒప్పందం ఖాయం చేయడానికి చెప్పు తీసి ఇవ్వడం గురించి కథకుడే ఆగి, ఇశ్రాయేలీయులలో పూర్వం ఇలా ఉండేదని వివరిస్తాడు. అంటే ఆ గ్రంథపు తొలి పాఠకులకే ఆ ఆచారం పాతబడింది! కథ జరిగిన కాలం ఇశ్రాయేలుకు ఇంకా రాజులు లేని న్యాయాధిపతులది, చెప్పిన కాలం వేరు. అది రాజుల కాలమా, బబులోను చెర నుంచి తిరిగి వచ్చాక యూదుల నాయకులు ఎజ్రా, నెహెమ్యా అన్యస్త్రీలతో పెళ్లిళ్లను నిలదీసిన కాలమా అని పండితులు ఇంకా వాదించుకుంటున్నారు. మోయాబీయుడు పదో తరం వరకు సమాజంలో చేరకూడదన్న ధర్మశాస్త్రపు మాట తెలిసిన శ్రోతలకు "మోయాబీయురాలైన రూతు" అని పదే పదే వినిపించడం ఏ కాలంలోనైనా గుచ్చుకునే ఉంటుంది. రూతు "భాష రాని దేశంలో మూగదానిలా" తిరిగిందని రాశావు. 1868లో ధీబానులో బయటపడిన మోయాబు రాజు మేషా శిలాశాసనం ఇప్పుడు లూవ్ర్ మ్యూజియంలో ఉంది. దాని భాష హీబ్రూకు ఎంత దగ్గరంటే, ఒకటి తెలిసినవారు రెండోది చాలావరకు చదువుకోగలరు. ఆ శాసనం క్రీ.పూ. 9వ శతాబ్దానిది, కథాకాలం తరువాతిది. అందువల్ల రూతు ఏం మాట్లాడిందో అది రుజువు చేయదు గాని, మూగదన్న ఊహను మాత్రం నిలవనివ్వదు.

ఒక్క హెచ్చరిక. సందర్భం మీద మోజు పెరిగాక మనిషి లేని సందర్భాలను కూడా పుట్టిస్తాడు. ధనవంతుడు దేవుని రాజ్యంలో చేరడం కన్నా ఒంటె సూదిబెజ్జంలో దూరడం సులభమన్న యేసు మాటకు వివరణగా, యెరూషలేములో సూదిబెజ్జం అనే చిన్న ద్వారం ఉండేదనీ, ఒంటె బరువు దించుకుని మోకరిల్లి దూరేదనీ మన ప్రసంగాల్లో ఎన్నిసార్లు వినలేదు? అలాంటి ద్వారానికి ప్రాచీన ఆధారం ఒక్కటీ లేదు. ఆ వివరణ మధ్యయుగాల్లో పుట్టింది. ధనవంతుడికి కాస్త సందు దొరుకుతుంది గనుక అది బతికి ఉందని నా అనుమానం.

నీ ప్రతి పోస్టులో తిరిగి పంపుతున్నాను. పరిగె, కొంగు ఉన్న పేజీల్లో గీతలు ఎక్కువగా ఉంటాయి, బెంగపడకు. నయోమి ఊరికి తిరిగి వచ్చినప్పుడు ఆడవాళ్లు గుమిగూడిన ఘట్టం మీద మాత్రం పెన్సిలు పెట్టలేదు, అది బాగా వచ్చింది. యవల కోత మొదలయ్యే వేళకే వాళ్లు ఊరు చేరారన్న సంగతి ఆ ఘట్టంలో ఒక్క వాక్యంగా చేర్చి, మిగతాది తిరగరాసి పంపు.

ఆశీస్సులతో,
మీ మాస్టారు