పెరట్లో బ్లాక్ వాల్‌నట్ చెట్టుంటే సిరప్ కాచుకోవచ్చా?

అమెరికాలో ఓహియో, ఇండియానా, పెన్సిల్వేనియా వైపు కొత్తగా ఇల్లు కొన్న మనవాళ్లు ఫిబ్రవరి రాగానే అడిగే సందేహం ఇది. పక్కింటాయన సిరప్ కోసం రసం పట్టడానికి మేపుల్ చెట్టుకు బకెట్ తగిలించాడు, మా పెరట్లో ఉన్నది బ్లాక్ వాల్‌నట్, దాన్నుంచి కూడా సిరప్ వస్తుందా అని. వస్తుంది, బాగుంటుంది కూడా. కశ్మీర్ అక్రోటుకు చుట్టమే ఈ చెట్టు. మేపుల్ రసంలాగే దీని రసాన్నీ కాచాలి. కాకపోతే డబ్బు ఆదా అవుతుందనుకుంటే మాత్రం వద్దు. గ్యాస్ ఖర్చే చాలా అవుతుంది. సరదా ఉంటేనే దిగండి.

ముందు ఆ చెట్టు మీదేనా చూసుకోండి. మన కాలనీల్లో ఇంటి వెనకున్న అడవంతా మనదే అనిపిస్తుంది, తీరా ప్లాట్ మ్యాప్ తీస్తే సగం హెచ్‌ఓఏది, అంటే కాలనీ ఇళ్ల ఓనర్ల సంఘానిది, అయి ఉంటుంది. అద్దె ఇల్లయితే ఓనర్ దగ్గర ఒక ఈమెయిల్ తెప్పించుకుని దాచుకోండి. పార్కుల్లో చెట్ల జోలికి వెళ్లకండి. ఇంకో సంగతి, బ్లాక్ వాల్‌నట్ కలప ఖరీదైనది. నిటారుగా, లావుగా పెరిగిన చెట్టులో కింది మొద్దుకే అసలు ధర, అక్కడ రంధ్రం చేస్తే లోపల మచ్చ అలాగే ఉండిపోతుంది. అందుకే వంకర చెట్టునో, కొమ్మలు కిందనుంచే చీలిన చెట్టునో ఎంచుకోండి.

రెండోది, అది నిజంగా వాల్‌నట్టేనా? చలికాలంలో ఆకులుండవు కాబట్టి చాలామంది ఇక్కడే బోల్తా పడతారు. ట్రీ ఆఫ్ హెవెన్ అనే చెట్టు ఆకులు కూడా ఇలాగే ఈనెకు రెండు వైపులా వరసగా ఉంటాయి, ఊరంతా మొలుస్తుంది. దాని కొమ్మ విరిస్తే ముక్కు మూసుకోవాలి. వాల్‌నట్ అయితే కింద గుండ్రటి నల్లటి కాయలు దొరుకుతాయి, ఉడతలు మిగిల్చిన పెంకులైనా ఉంటాయి. ఖాయం చేసుకోవాలంటే సన్న కొమ్మను నిలువుగా చీల్చి చూడండి. మధ్యలో మెత్తటి భాగం నిచ్చెన మెట్లలా అరలు అరలుగా కనిపించాలి. ఆకు రాలిన చోట మచ్చ కోతి ముఖంలా ఉంటుంది. పిల్లలకు చూపిస్తే ఆ రోజంతా అదే పని.

రాత్రి 32 డిగ్రీల ఫారెన్‌హీట్ కంటే దిగి, పగలు 40 దాటే రోజులు ఈ పనికి అదను. రాత్రి గడ్డకట్టి పగలు కరిగినప్పుడే చెట్టులో ఒత్తిడి పుట్టి రసం కారుతుంది. కాండం అడ్డంగా కనీసం 12 అంగుళాలుండాలి, చెట్టుకు ఒకటే రంధ్రం. 5/16 అంగుళాల డ్రిల్ బిట్‌తో, నేలనుంచి మూడు నాలుగు అడుగుల ఎత్తులో, రంధ్రం లోపలికి కాస్త పైకి వాలి ఉండేట్టు చేయండి. లోతు ఒకటిన్నర అంగుళం దాటొద్దు. ఆ రంధ్రంలో రసం కారే గొట్టం బిగించి, దానికి బకెట్ తగిలించండి. డ్రిల్ నుంచి రాలే పొట్టు తెల్లగా ఉన్నంతవరకు మంచిదే. ముదురు గోధుమ రంగు వచ్చిందంటే చేవలోకి వెళ్లిపోయారు, అక్కడ రసం ఉండదు. వాల్‌నట్‌లో ఈ తెల్ల భాగం పలచగా ఉంటుంది, మేపుల్ వీడియోలు చూసి అంత లోతు పొడిచేయకండి. మొగ్గలు ఉబ్బడం మొదలవగానే గొట్టం పీకేయండి. రంధ్రాన్ని మైనంతో, మట్టితో పూడ్చక్కర్లేదు, చెట్టే మూసుకుంటుంది.

మన ఈత నీరా ఎండెక్కితే గంటల్లో పులుస్తుంది. ఇక్కడ చలి కాస్త గడువు ఇస్తుంది కానీ, అదీ రెండు మూడు రోజులే. రసాన్ని ఫ్రిజ్‌లోనో మంచు కుప్పలోనో పెట్టి, ఆలోపే కాచేయండి. దాదాపు 40 వంతుల రసానికి ఒక వంతు సిరప్, అంటే 10 గ్యాలన్లు పట్టుకొస్తే ఒక క్వార్ట్ (గ్యాలన్‌లో నాలుగో వంతు). మిగతాదంతా ఆవిరే. వంటింట్లో కాస్తే గోడలన్నీ జిడ్డు, స్మోక్ అలారం మోత. పాట్‌లక్‌లకు బిర్యానీ వండే ప్రొపేన్ స్టవ్ మీ దగ్గర ఉండే ఉంటుంది, దాన్ని బయట పెట్టుకోండి. చలిగా ఉందని గరాజ్‌లోకి మార్చి తలుపు దించారో, కార్బన్ మోనాక్సైడ్ ప్రాణాలు తీస్తుంది. తలుపు సగం తెరిచినా గరాజ్‌లో వద్దు.

పాకం వచ్చిందో లేదో వేళ్ల మధ్య పట్టి చూసే అలవాటు మనది. దీనికి థర్మామీటరే వాడండి. ఆ రోజు మీ ఇంట్లో నీళ్లు ఎంత దగ్గర మరిగాయో చూసి, దానికి 7 డిగ్రీల ఫారెన్‌హీట్ కలిపితే సిరప్. సముద్ర మట్టంలో అయితే అది 219. వాల్‌నట్ రసంలో పెక్టిన్ ఉంటుంది, జామ్‌ను గడ్డకట్టించేది అదే. దానివల్ల చివర్లో జెల్లీ తెట్టెలు తేలతాయి. రసం పాడైందని పారబోయకండి. వేడిగా ఉండగానే గుడ్డలో వడగట్టండి. గుడ్డ మూసుకుపోతే ఒక రాత్రి ఫ్రిజ్‌లో నిలవనిచ్చి పైతేట వంచుకోండి.

ఇక అన్నిటికంటే గట్టిగా చెప్పదలచినది. ఏది చేసినా నాలుగిళ్లకు పంచడం మనకు అలవాటు. ఈ సీసా మాత్రం అడక్కుండా ఎవరికీ ఇవ్వకండి. వాల్‌నట్ కూడా బాదం, జీడిపప్పులాగే ట్రీ నట్, అంటే చెట్టుకు కాసే గింజ. ఆ ఎలర్జీ ఉన్నవాళ్లకు ఈ సిరప్ కూడా ప్రమాదమే అనుకుని నడుచుకోవాలి. స్కూల్ పార్టీకి, గుడి ప్రసాదానికి అసలు వద్దు. ఇంటికొచ్చినవాళ్లకు దోసెలో వేసిచ్చే ముందు కూడా అడగండి. సీసా మీద "బ్లాక్ వాల్‌నట్" అని పెద్దక్షరాలతో రాయండి. ఫ్రిజ్‌లో చూసినవాళ్లు తేనె అనుకుంటారు.

చెట్టు గురించి అడిగారు కాబట్టి ఇంకొకటి. దాని వేర్లు, కాయ తొక్కలు జుగ్లోన్ అనే పదార్థాన్ని వదులుతాయి. టమాటా, వంకాయ, మిరప, బంగాళాదుంప దీన్ని తట్టుకోలేవు, నీళ్లెన్ని పోసినా వాడిపోతాయి. మే నెలలో ఆ చెట్టు కింద మడి తవ్వేముందు 50, 60 అడుగుల దూరం కొలుచుకోండి. అంత చోటు లేకపోతే కుండీల్లో పెంచుకోండి, ఆ చెట్టు ఆకులు మాత్రం వాటిలో పడకుండా చూసుకోవాలి. ఉల్లి, బీన్స్, మొక్కజొన్నకు ఆ బెడద లేదు.